కూచీ సొరంగాలు, మా నాన్న అడిగిన ప్రశ్నలు

మా నాన్న ముప్పై నాలుగేళ్లు సింగరేణి బొగ్గు గనుల్లో పనిచేశారు. భూమి లోపలికి దిగడం ఆయనకు కొత్త కాదు, డబ్బు కట్టి దిగడమే కొత్త. “మమ్మల్ని జీతమిచ్చి దించేవాళ్లు. మీరు ఎదురిచ్చి దిగుతారా?” అని టికెట్లు తీసుకున్న రోజు నుంచి ఒకటే వేళాకోళం. అయినా వియత్నాం ప్రయాణంలో ఆయన నోరు తెరిచి అడిగిన చోటు, అమెరికాతో యుద్ధంలో గెరిల్లాలు దాక్కుని పోరాడిన కూచీ సొరంగాలు ఒక్కటే. మిగతావన్నీ మేం రాసుకున్న జాబితాలోవి.

నలుగురం వెళ్లాం: నేను, మా ఆయన, పద్దెనిమిది నిండిన మా అబ్బాయి, డెబ్బై నాలుగేళ్ల నాన్న. నాన్నకు మోకాళ్లు అరిగిపోయాయి. కూర్చుంటే లేవడానికి పక్కన ఒక చెయ్యి ఆసరా ఉండాలి. ముప్పై మంది ఎక్కిన బస్సులో వెళ్లి, జెండా పట్టుకున్న గైడు వెనక గబగబా నడవడం ఆయన వల్ల కాదు. అందుకని మాకంటూ ఒక కారు, ఒక గైడు మాట్లాడుకున్నాం. ఆ డబ్బు దండగా, గిట్టుబాటా అని వచ్చిన దగ్గర నుంచీ చుట్టాలు అడుగుతూనే ఉన్నారు. ఒక్కొక్కరికీ చెప్పే ఓపిక లేక ఇది రాస్తున్నాను.

ముందు లెక్క. హో చి మిన్ నగరం నుంచి గుంపుగా తీసుకెళ్లే యాత్రకు మాకు చెప్పిన ధర మనిషికి 5 లక్షల డాంగ్‌లు. లక్షలనగానే గుండె జారిపోనక్కర్లేదు, అక్కడ కప్పు కాఫీ కూడా వేలల్లోనే ఉంటుంది. ఆ చొప్పున నలుగురికి 20 లక్షలు. సొంత కారుకూ గైడుకూ కలిపి 36 లక్షలు అడిగారు. కారులో ఇద్దరు కూర్చున్నా నలుగురు కూర్చున్నా ఆ ఖర్చు పెద్దగా మారదు కాబట్టి జంటగా వెళ్లేవాళ్లకు ఇది బరువే. కుటుంబానికైతే రెట్టింపుకు కాస్త తక్కువ. ప్రవేశ రుసుము ఇందులో కలవదని అడుగున చీమ తలకాయంత అక్షరాల్లో ఉంది. మేం చూడలేదు. గేటు దగ్గర మనిషికి లక్ష పైచిలుకు మళ్లీ కట్టాం. తప్పు మా కళ్లదా, ఆ అక్షరాలదా అన్న వాదన మా ఆయనకూ నాకూ మధ్య ఇంకా తెగలేదు.

డబ్బు కన్నా ముందు తేల్చుకోవలసిన సంగతి ఇంకొకటి ఉంది. కూచీ సొరంగాలంటే ఒకే చోటు కాదు. సందర్శకులు వెళ్లేవి రెండు: బెన్ దిన్, బెన్ యుఓక్. బెన్ దిన్ నగరానికి దగ్గర, సుమారు 50 కిలోమీటర్లు. గుంపుల బస్సులు, సైగాన్ నది మీదుగా వచ్చే స్పీడుబోట్లు చాలావరకు అక్కడికే చేరతాయి. బెన్ యుఓక్ ఇంకా పైకి, దాదాపు 70 కిలోమీటర్లు. అక్కడ జనం పలచన, చెట్ల నీడ చిక్కన. మేం అడిగింది రెండోది. అడగడమే పెద్ద ప్రహసనమైంది. వాళ్ల రాతలో అడ్డగీత లేని డి అక్షరాన్ని దక్షిణాదిన ‘య’ అని పలుకుతారు. అది తెలియక నేను ఫోనులో “బెన్ డుక్, బెన్ డుక్” అని ఎంత గట్టిగా అరిచినా అవతలి మనిషికి బెన్ దిన్ అనే వినిపించింది. చివరికి మ్యాపులో ఆ చోటుకు గుర్తు పెట్టి పంపి, అదే పేరు రాతలో తెప్పించుకున్నాక గాని నా మనసు కుదుటపడలేదు. మీరూ ఆ పని చేయండి. దగ్గరి చోటుకు తీసుకెళ్లి దూరం చోటు ధర పుచ్చుకోవడం కష్టమైన పనేమీ కాదు.

ఇక గైడు. “యుద్ధంలో పాల్గొన్న మాజీ సైనికుడే మీకు స్వయంగా చూపిస్తారు” అని ప్రకటనలో ఉంది. ఉదయం ఆరున్నరకు హోటలు ముందు కారు దిగింది ముప్పై ఏళ్లు కూడా లేని ఒక అమ్మాయి. నాకు చిర్రెత్తింది. ఆ కార్యాలయానికి ఫోను చేస్తే “ఆయనకు ఒంట్లో బాగా లేదు” అన్నారు. తర్వాత తీరిగ్గా లెక్క వేసుకున్నాను. యుద్ధం ముగిసింది 1975లో. అప్పటికి ఇరవై ఏళ్లున్నవారికి కూడా ఇప్పుడు డెబ్బైకి తక్కువ ఉండవు. అటువంటి పెద్దమనిషి రోజూ తెల్లవారుజామున లేచి మన వెంట అడవిలో నాలుగు గంటలు నడుస్తాడని ఎవరైనా రాస్తే ఇకమీదట నేను నమ్మను. అయితే ఆ అమ్మాయి రావడమే మా అదృష్టమని మధ్యాహ్నానికి తేలింది.

కారెక్కగానే డ్రైవరు నాన్నను “బాక్” అని పిలిచాడు. ఏమిటా మాట అని నాన్న అడిగారు. తండ్రికి అన్న వరస అయితే బాక్, తమ్ముడి వరస అయితే చూ అని ఆ అమ్మాయి చెప్పింది. పరాయివాళ్లను కూడా వయసు చూసి ఏదో ఒక వరస కలిపే పిలుస్తారట. నన్ను చి, అంటే అక్క. మా ఆయన ఆన్, అన్న. హో చి మిన్‌ను దేశమంతా బాక్ హో అంటుంది. “అంటే హో పెదనాన్న! మన లెక్కే” అని నాన్న తొడ మీద చరుచుకున్నారు. ఇంగ్లీషులో ఇద్దరినీ అంకుల్ అనే మాటలో ముంచేయడం చూసి ఆ అమ్మాయికి ఎప్పుడూ వెలితిగా ఉండేదట. పెదనాన్న, బాబాయి అన్న తేడా తెలిసినవాళ్లు దొరికారని ఆమెకు మా మీద గురి కుదిరింది. అక్కడి నుంచి ఆమె నాన్నకు “అమ్మాయి”, నాన్న ఆమెకు “బాక్”. నడుమ మేం నిమిత్తమాత్రులం.

స్కూటర్ల ప్రవాహం నుంచి బయటపడేసరికి గంట పట్టింది. ఫూ హోవా డోంగ్ అనే ఊరు మీదుగా పోతుంటే ఇళ్ల ముందు వెదురు తడికల మీద తెల్లగా, గుండ్రంగా ఏవో ఆరబెట్టి ఉన్నాయి. బియ్యప్పిండితో చేసే బాన్ చాంగ్. పూతరేకు కన్నా మందం, అప్పడం కన్నా పలచన. కారు ఆపమన్నాను, ఆపారు. ఒక ఇల్లాలు ఆవిరి కక్కుతున్న కుండ మూతికి బిగించిన గుడ్డ మీద గరిటెడు పలచని పిండి పోసి, గరిటె అడుగుతోనే గుండ్రంగా తిప్పి, మూత పెట్టి, పది లెక్కపెట్టేలోగా పుల్లతో లేపి తడిక మీద పరిచింది. ఇంకో గరిటె, ఇంకో గుండ్రం. మేం చూస్తున్నామన్న ధ్యాసే లేదు ఆమెకు. బస్సులో వెళ్లి ఉంటే ఈ పావుగంట మాకు దక్కేది కాదు. ఆ తర్వాతంతా రబ్బరు తోటలు, ఒక్కో చెట్టు మొదట్లో ఒక్కో చిప్ప.

బెన్ యుఓక్‌లో ముందు ఒక గుడిసెలో కూర్చోబెట్టి పాత నలుపు తెలుపు చిత్రం వేస్తారు. “ఇది యుద్ధకాలంలో తీసిన ప్రచార చిత్రం. అలాగే చూడండి” అని మా గైడు అమ్మాయి ముందే చెప్పి, సగంలో లేపి బయటికి తీసుకొచ్చింది. ఉచ్చుల ప్రదర్శన కూడా అంతే. ఇనుప మేకులు దిగ్గొట్టిన గోతులు, తలుపు వెనక వేలాడే ముళ్ల పలకలు వరుసగా ఉంటాయి. మీట నొక్కితే అవి ఎలా మూసుకుంటాయో చూపిస్తారు. పక్కనున్న గుంపు ఒక్కొక్క దానికీ “ఓ” అంటూ వీడియోలు తీసుకుంది. రెండు చూసి మేం ముందుకు కదిలాం.

మేం వచ్చింది మట్టి కోసం, గాలి కోసం. కనీసం నాన్న వచ్చింది వాటి కోసమే.

కూచీ అనేది ఒక చెట్టు పేరని, దాని గింజ విషమని అమ్మాయి చెప్పింది. ఆకు, కాయ వర్ణన వినగానే నాన్న “విషముష్టి” అన్నారు. నేల ఎర్రటి లాటరైట్ బంకమట్టి. తడిగా ఉన్నప్పుడు పారకు లొంగుతుంది, ఆరితే ఇటుకలా బిగుస్తుంది. ఫ్రెంచివాళ్ల మీద తిరగబడిన కాలంలో, 1940ల చివర, రెండు మూడు పల్లెల జనం దాక్కోవడానికి, కాగితాలూ తుపాకులూ దాచుకోవడానికి చిన్న చిన్న బొరియలు తవ్వుకున్నారు. అమెరికాతో యుద్ధం వచ్చేసరికి ఊరికీ ఊరికీ కలుపుకుంటూ పోయి మొత్తం 250 కిలోమీటర్ల దాకా అల్లారు. పనిముట్లు పొట్టి పారలు, వెదురు బుట్టలు. మూడు అంతస్తులు: మొదటిది 3, 4 మీటర్ల లోతున, రెండోది 6 మీటర్ల దాకా, మూడోది 8 మీటర్ల కిందికి. తవ్విన మట్టి కనిపిస్తే విమానాలకు గుట్టు తెలుస్తుంది కాబట్టి రాత్రికి రాత్రే బాంబు గుంతల్లోనో నదిలోనో పోసేసేవారు.

“దిమ్మెలు, దూలాలు ఏమీ లేకుండా కప్పు ఎలా నిలిచింది?” నాన్న మొదటి ప్రశ్న. మెట్ల మీదుగా దిగే సమావేశపు గది ఒకటి ఉంది. దానిలోకి మోకాళ్లు సహకరిస్తాయి. ఆయన అందులోకి దిగి వేళ్ల మెటికలతో గోడ తట్టారు, కప్పు తట్టారు, తల వంచి విన్నారు. గనిలో షిఫ్టు మొదలవగానే చేసే పని అది. చప్పుడు గట్టిగా ఖంగుమంటే కప్పు పదిలం, డొల్లగా మోగితే పరుగే. అక్కడ ఖంగుమంది. “సన్నగా తవ్వారు, పైన కమాను ఒంపు ఇచ్చారు. వెడల్పు చేసి ఉంటే కూలేది” అన్నారు తనలో తను. అమ్మాయి చిన్న పుస్తకం తీసి ఏదో రాసుకుంది. ఆ క్షణంలో గైడు ఎవరో యాత్రికుడు ఎవరో నాకు అర్థం కాలేదు.

దారి పక్కన ఆకులు పరిచిన చోట ఆగి, ఇక్కడొక ద్వారం ఉంది, వెతకండి అంది అమ్మాయి. మా అబ్బాయి కాలితో ఆకులు చెదరగొట్టాడు, దొరకలేదు. ఆకుపచ్చ దుస్తుల్లో ఉన్న ఉద్యోగి వచ్చి, వాడి పాదానికి జానెడు దూరంలో ఒక చెక్క మూత లేపాడు. పెద్ద పీటంత ఉంది, అంతే. అతను కాళ్లు లోపల పెట్టి, మూతను రెండు చేతులతో తల మీద ఎత్తిపట్టుకుని, చేతులు నిటారుగా చాచి జారాడు. మూత మీదున్న ఆకులు మళ్లీ నేల ఆకుల్లో కలిసిపోయాయి. మనిషి లేడు. రెండు క్షణాల పని. మా అబ్బాయి కూడా దిగాడు. మా ఆయన ఒకసారి మూత వైపు, ఒకసారి తన నడుము వైపు చూసుకుని ఫోటో తీసే బాధ్యత తీసుకున్నారు.

కాస్త ముందుకు వెళ్లాక చెదపుట్టలు కనిపించాయి. కొన్ని చెదలు పెట్టినవి, కొన్ని మనుషులు పెట్టినవి. రెండో రకానికి వేలు దూరేంత బెజ్జాలు ఉంటాయి, అవే గాలి గొట్టాలు. అమెరికా సైన్యం కుక్కలతో వాసన పట్టించడం మొదలుపెట్టింది. బెజ్జాల చుట్టూ కారం చల్లితే కుక్కలు తుమ్మేవి గాని, ఆ తుమ్ములే చోటు పట్టిచ్చేవి. దాంతో ఎత్తు మార్చి, అమెరికా సైనికులు వాడే సబ్బు ముక్కలు, వాళ్ల బట్టల పేలికలు పెట్టడం మొదలుపెట్టారు. కుక్కలు ఆ వాసన తమవాళ్లదే అనుకుని దాటిపోయేవి.

ఇక్కడ అన్ని గుంపులూ నవ్వి ముందుకు పోతాయి. నాన్న కదల్లేదు. “గాలి రావడానికి దారి సరే. పోవడానికి ఏదమ్మా దారి?” అన్నారు. గనిలో ఈ రెండు దారులూ లేనిదే పలుగు పడదట. అమ్మాయి తెల్లమొహం వేసింది. “ఇది నన్ను ఎవరూ అడగలేదు బాక్” అని ఒప్పుకుని, పక్క పాకలో బీడీలాంటిది కాలుస్తున్న ఒక ముసలాయన్ని పిలుచుకొచ్చింది. ఇన్నేళ్లూ అక్కడే పనిచేస్తున్న మనిషి. ఆయన గొంతుక్కూర్చుని పుల్లతో నేల మీద గీశాడు. నది ఒడ్డున పల్లంలో ఒక నోరు, పైన పుట్టలో ఇంకో నోరు, నడుమ మెలికల దారి. నాన్న నిలబడే వంగి ఆ మెలికల్లో వేలు పెట్టి ఒక బాణం గీశారు. ముసలాయన తల అడ్డంగా ఊపి బాణాన్ని చెరిపి తిప్పి గీశాడు. నాన్న ఆకాశంలో సూర్యుణ్ణి చూపించి, ఆ తర్వాత కళ్లు మూసుకుని నిద్ర నటించారు. అంటే పగలూ రాత్రీ తేడా అని. ముసలాయన నవ్వి రెండు బాణాలూ గీశాడు. అప్పటికి అమ్మాయి తర్జుమా మానేసింది, అవసరం లేకపోయింది. లోపలి గాలికీ బయటి గాలికీ వేడిలో తేడా, రెండు నోళ్లకూ ఎత్తులో తేడా ఉంటే ఫ్యాను లేకుండానే గాలి కదులుతుందని, వేళను బట్టి దిశ మారుతుందని నాన్న మాకు తర్వాత విడమరిచారు.

అదే బొమ్మలో ముసలాయన ఒక చోట దారిని కిందికి వంచి, అడుగున నీళ్లు గీశాడు. వాష్‌బేసిన్ కింద గొట్టం వంపులో నీళ్లు నిలిచి కాలువ వాసనను ఆపుతాయి కదా, అదే ఉపాయం. లోపలికి పొగ, విషవాయువు వదిలితే ఆ నీటి దగ్గరే ఆగిపోతుంది. మనిషి మాత్రం ఊపిరి బిగబట్టి మునిగి అవతల తేలాలి. ఈ నేల మీది బొమ్మ దగ్గర మేం నలభై నిమిషాలు ఉన్నాం. ఆ వ్యవధిలో మూడు గుంపులు మమ్మల్ని దాటిపోయాయి. 36 లక్షలలో సగం ఆ నలభై నిమిషాలదే అని నా లెక్క.

ఆపైన అసలు పని, దూరడం. సందర్శకుల కోసం వెడల్పు చేసిన సొరంగం 100 మీటర్ల దాకా ఉంటుంది, నడుమ నడుమ పైకి వచ్చేందుకు దారులు ఉన్నాయి, బల్బులు ఉన్నాయి. నాన్న పైనే ఉండిపోయారు. ముందు ఉద్యోగి, వెనక మా అబ్బాయి, తర్వాత నేను, నా వెనక మా ఆయన. వెడల్పు చేశాక కూడా గొంతుక్కూర్చుని బాతులా నడవాలి, తర్వాత అదీ కుదరక మోకాళ్ల మీద పాకాలి. లోపలికి పదడుగులు వెళ్లగానే గాలి బరువెక్కింది. ముక్కు కొస నుంచి చెమట బొట్టు ముంజేతి మీద పడటం చూశాను, తుడుచుకోవడానికి చెయ్యి ఎత్తే వీలు లేదు. దూరంగా, పక్క గదిలో ఎవరో రోకలి పోటు వేస్తున్నట్టు ఒక మోత. పైన తుపాకులు పేల్చే చోటు నుంచి వస్తోందని తెలుసు. తెలిసినా గుండె దాని తాళానికే కొట్టుకుంది. మలుపు దగ్గర అబ్బాయి చెప్పుల అడుగులు కనిపించడం మానేశాయి. నా వెనక మా ఆయన ఇరుక్కుపోయి గట్టిగా ఊపిరి తీస్తున్నారు. ముందుకూ వెనక్కీ వీల్లేని ఆ అరనిమిషంలో నేను ఎవరినీ తలచుకోలేదు, ఏమీ అనుకోలేదు. బయటికి పోవాలి, అంతే. రెండో దారి రాగానే పైకి వచ్చేశాను. అబ్బాయి మాత్రం చివరిదాకా పోయాడు.

నాన్న అక్కడ నిలబడి ఉన్నారు. బిడ్డ మట్టికొట్టుకుని, రొప్పుతూ పైకి వస్తే ఏ తండ్రైనా ఎలా ఉన్నావమ్మా అంటాడు. ఈయన “కప్పు తట్టి చూశావా?” అన్నారు.

ఇటువంటి చోటికి, వెడల్పు చేయకముందు, దీపాలు లేకుండా, ఎదురుగా ఎవరున్నారో తెలియకుండా దిగిన అమెరికా సైనికులను సొరంగ ఎలుకలు అనేవారు. సన్నగా, పొట్టిగా ఉన్నవాళ్లను ఏరి, ఒక పిస్తోలు, ఒక టార్చి ఇచ్చి పంపేవారు. 1966 జనవరిలో అమెరికా, ఆస్ట్రేలియా సేనలు 8,000 మంది ఈ ప్రాంతం మీదికి వచ్చారు. నోళ్లు పేల్చేసి పోకుండా లోపలికి దిగి వెతికింది ఆస్ట్రేలియా ఇంజినీర్ల దళం. వాళ్లలో ఒకతను లోపల ఊపిరాడక చనిపోయాడు. మరుసటి ఏడు జనవరిలో 30,000 మందితో ఇంకా పెద్ద దాడి జరిగింది. బెన్ సూక్ అనే ఊరి జనాన్నంతా తరలించి ఊరిని బుల్డోజర్లతో చదును చేశారు. ఇంతా చేస్తే మరుసటి ఏడాది టెట్ అనే కొత్త సంవత్సరం పండుగ నాడు గెరిల్లాలు చేసిన దాడికి ఈ సొరంగాలే దన్నుగా నిలిచాయి. చివరికి వాటిని నిజంగా దెబ్బతీసింది బీ-52 విమానాల బాంబులు. ఆ గుంతలు చెట్ల నడుమ ఇప్పటికీ ఉన్నాయి. ఒక్కో దాంట్లో ఒక ఇల్లు పడుతుంది. ఊపిరాడక పోయిన ఆ ఆస్ట్రేలియా కుర్రాడి సంగతి విన్నాక నాన్న చాలాసేపు మాట్లాడలేదు. గాలి పరీక్ష చేసే దీపం ముందు పోనిదే తాము అడుగు పెట్టేవాళ్లం కాదని మాత్రం అన్నారు.

వంటగది దగ్గర కాస్త తేలికపడ్డాం. దీన్ని హొవాంగ్ కామ్ పొయ్యి అంటారు. ఫ్రెంచివాళ్లతో యుద్ధంలో దీన్ని కనిపెట్టిన వంటవాడి పేరే దానికి పెట్టారు. పొయ్యి భూమి లోపల ఉంటుంది. పొగ ఒక గది నుంచి ఇంకో గదికి, అక్కడి నుంచి ఆకులూ తడిమట్టీ కప్పిన కాలువల గుండా పోయి, చల్లబడి, పొయ్యికి దూరంగా నేల మీద పలచని మంచులా పారుతుంది. అసలు మంచు పడే తెల్లవారుజామునే వండేవారు. మా ఎదుట కట్టె రాజేశారు. కొంతసేపటికి పదిగజాల అవతల గడ్డి చీలమండల ఎత్తున తెల్లబడింది, అంతే. ఉడికించిన కర్రపెండలం, వేరుశనగ నువ్వుల పొడి, ఆకులేసి కాచిన టీ పెట్టారు. ఆ పొడిలో చక్కెర కూడా వేస్తారు. నాన్న ఉప్పూకారం అడిగి లేదనిపించుకుని, మూడు ముక్కలు తిన్నారు.

తుపాకులు పేల్చే చోటు మీద మా ఇంట్లో ఏకాభిప్రాయం లేదు. నిజమైన తూటాలు, కనీసం పది కొనాలి. అబ్బాయి పేలుస్తానన్నాడు. నాకు అసహ్యం వేసింది. మనుషులు చచ్చిన చోట ఆ ఆట ఏమిటని. మా ఆయన వాడి పక్షం. వాడు పేల్చాడు, భుజం నొప్పి పెట్టిందన్నాడు, తూటా తొడుగు ఒకటి తెచ్చుకుంటానంటే అక్కడి సైనికుడు వద్దన్నాడు. విమానాశ్రయంలో పట్టుకుంటారు. ఆ పదినిమిషాలూ అమ్మాయి మాకు వీపు పెట్టి నిలబడింది. “రోజూ వింటాను, చూడను” అంది.

సొరంగాల పక్కనే 1995లో కట్టిన స్మారక మందిరం ఉంది. బెన్ దిన్‌కు వెళ్లేవాళ్లు చూడలేనిది ఇదే. చుట్టూ గోడల మీద నల్లరాతిలో 44 వేలకు పైగా పేర్లు, బంగారు రంగు అక్షరాల్లో. అన్నింటికన్నా ఎక్కువగా కనిపించేది ఒకే ఇంటిపేరు. ఇంగ్లీషు స్పెల్లింగు చూసి ‘న్గు’ అని నాలుక తిప్పుకుంటుంటే అమ్మాయి పలికి చూపించింది: ఙుయెన్. చిన్నప్పుడు బడిలో ఏ మాటా దొరక్క వట్టినే దిద్దిన ఙ అక్షరం అక్కడ గోడ నిండా ఉంది. నాన్న చెప్పులు విప్పి ఒక గోడ పొడవునా ఙ, ఙ, ఙ అని చదువుకుంటూ నడిచారు.

తిరుగుదారిలో అమ్మాయి తనంతట తాను ఒక మాట చెప్పింది. ఆ గోడల మీద ఉన్నవి ఒక పక్షం పేర్లే. ఆమె తల్లి వైపు తాతగారు అమెరికా పక్షాన నిలిచిన దక్షిణ వియత్నాం ప్రభుత్వ సైన్యంలో ఉండి చనిపోయారు, ఆయనకు ఏ గోడా లేదు. తండ్రి వైపు వాళ్ల పేరు మందిరంలో ఉంది. ఇంట్లో ఏడాదికి ఇద్దరికీ తద్దినాలు పెడతారు, వేర్వేరు తిథుల్లో. ముప్పై మంది ముందు మైకులో ఎవరూ చెప్పరు ఈ సంగతి. మేమూ అడగలేదు. కారులో చీకటిపడేంత మబ్బు పట్టి, వాన మొదలై, డ్రైవరు నెమ్మదించిన చోట ఆమె చెప్పింది.

గుంపు యాత్రల్లో తిరిగొచ్చేటప్పుడు లక్క సామాను తయారీ శాల దగ్గర ఆపడం ఆనవాయితీ. మేం ముందే వద్దని రాసి పంపాం. అయినా డ్రైవరు అటు వేగం తగ్గించి అద్దంలో నా ముఖం చూశాడు. నేను నవ్వాను, అతను నవ్వాడు, బండి ముందుకు పోయింది. భోజనం విషయంలో ఒక చిట్కా: శాకాహారాన్ని వాళ్లు చాయ్ అంటారు. కోమ్ చాయ్ అంటే శాకాహార భోజనం. మా ఆయన హోటల్లో రెండుసార్లు చాయ్ అడిగి రెండు పళ్లేల అన్నం తెప్పించుకున్నారు. తాగే టీని ట్రా అనాలి.

బస గురించి రెండు మాటలు. మొదటి రాత్రి బుయ్ వియెన్ వీధికి దగ్గరగా దిగాం. అది రాత్రంతా పాటలు, మద్యం, కేకలు. పొద్దున్నే కారెక్కవలసినవాళ్లకు అది నిద్ర కాదు, శిక్ష. మర్నాడే మూడో డిస్ట్రిక్ట్‌లో యుద్ధ అవశేషాల మ్యూజియం దగ్గరకు మారాం. గది చిన్నది, కిటికీ తెరిస్తే ఎదురింటి గోడ, కాని నిశ్శబ్దం. ఆ మ్యూజియాన్ని కూచీ చూసిన రోజే చూడకండి. యుద్ధంలో చల్లిన ఏజెంట్ ఆరెంజ్ అనే విషరసాయనం మిగిల్చిన బిడ్డల ఫోటోలు గోడల నిండా ఉన్నాయి. ఒక రోజుకు మోయగలిగిన బరువు కాదది.

మోకాళ్లు గట్టిగా ఉండి, ఇద్దరే వెళ్తుంటే గుంపుతో పోవడంలో తప్పులేదు. పొద్దున్నే బయల్దేరే బస్సు మాత్రం పట్టుకోండి. పెద్దవాళ్లుంటే, అడగవలసిన ప్రశ్నలుంటే సొంత గైడు. కాకపోతే చోటు పేరు, ప్రవేశ రుసుము, నడుమ ఆగే దుకాణాలు, ఈ మూడింటి సంగతీ రాతలో తెప్పించుకోండి. గైడు వయసు గురించి పట్టుబట్టకండి.

సొరంగంలోకి దిగలేదన్న వెలితి నాన్నకు ఉండిపోయింది. అది తీర్చినది విన్ మోక్. మధ్య వియత్నాంలోని హ్యూ నగరం నుంచి 100 కిలోమీటర్ల పైచిలుకు, బెన్ హాయ్ నదికి ఉత్తరాన, సముద్రపు ఒడ్డున. బాంబులు పడుతుంటే ఒక ఊరు ఊరంతా కిందికి దిగి ఏళ్ల తరబడి కాపురం చేసిన చోటు. ఇక్కడ మనిషి తల కాస్త వంచితే నడవచ్చు. మెట్లున్నాయి. అన్నింటికన్నా కింది అంతస్తు 23 మీటర్ల లోతు. అయినా అబ్బాయి భుజం పట్టుకుని నాన్న మెల్లగా దిగారు. ఒక్కో కుటుంబానికి గోడలో తొలిచిన గూళ్లు, ఒక బావి, పురుళ్లు పోసిన గది. ఆ ఏళ్లలో అక్కడ 17 మంది పిల్లలు పుట్టారు. పేలకుండా దిగబడిన బాంబు చేసిన బెజ్జాన్ని వాళ్లు గాలి గొట్టంగా వాడుకున్నారని చెప్పినప్పుడు నాన్న మూడుసార్లు “ఆఁ?” అని, మళ్లీ చెప్పించుకున్నారు.

ఒక మలుపు తిరిగాక ఆయన ఆగి, చూపుడువేలు నాలుకకు తడిపి పైకెత్తారు. కాసేపు అలాగే ఉన్నారు. తర్వాత కుడిచేతి దారి చూపించి ఇటు పదండి అన్నారు. బాణం గుర్తు ఎడమ వైపు ఉంది. మేం నాన్న వెనకే వెళ్లాం. ఇరవై అడుగుల్లో వెలుతురు కనిపించింది, ఆ వెనక అలల చప్పుడు.